'షీరా' శబ్దవిచారము

నా పూర్వశిష్యుఁడొకఁడు ఉద్యోగార్థము విదేశమున నివసించుచున్నాఁడు. అతని యింటి ప్రక్కనున్న యూదుల కుటుంబమున ఇటీవల నొక యాఁడుశిశువు జనింపఁగా దానికి 'షీరా' యని పేరిడిరఁట. ఆ పేరున కర్థమేమని యతఁడొక నామసంగ్రహమును చూడఁగా, అది సంస్కృతమందలి శిరశ్శబ్దమునుండి పుట్టినదనియు, 'శ్రేష్ఠురాలు' అని దాని యర్థమనియు అందు వ్రాయఁబడియుండెను. ఇది యుక్తమగునా యని యతఁడు నాకు జాబు వ్రాసెను. తల్లిదండ్రుల నడుగఁగా వారు 'పాట' యని యొక్క ముక్కలో చెప్పిరనియు, పాటకును తలకును సంబంధమేమో తెలియకున్నదనియు ఆ జాబునఁ గలదు.

ప్రశ్న చిన్నది. కాని దానిని విచారింపఁబూనినకొలఁది, శబ్దార్థసంబంధము, లింగము, రూఢి, సంజ్ఞ యను మన శాస్త్రవిషయములన్నియు అన్యభాషయం దెట్లు ప్రవర్తించుచున్నవో తెలిసికొనుట కిది మంచి యుదాహరణమని తోఁచినది. నామసంగ్రహకారుఁడు చెప్పినది అసంగతము. తల్లిదండ్రులు చెప్పినది సత్యమే కాని యసంపూర్ణము. ఈ రెండును నిరూపించుటయే యీ వ్యాసమునకు ప్రయోజనము.

అపవ్యుత్పత్తి నిరాసము

సంస్కృత వ్యాకరణము చదివిన మాయందొక దోషము గలదు. ఎచ్చటి శబ్దము చెవిఁబడినను దానికొక ధాతువును వెదకి, ప్రత్యయమును తగిలించి, సాధించితిమని సంతసింతుము. ధ్వనిసామ్యము బంధుత్వమునకు ప్రమాణము కాదు. శిరశ్శబ్దము సకారాంత నపుంసకము. హీబ్రూ భాష అరబ్బీ, అరమాయికు భాషలతోఁ జేరిన సెమిటిక్ కుటుంబమునకు చెందినది. ఆ భాషలో తలకు 'రోష్' అను వేఱు శబ్దము గలదు. కావున శిరస్సునకును షీరాకును సంబంధము కల్పించుట కేవలము సాహసము.

రెండవ భ్రాంతి యింతకంటె సూక్ష్మమైనది. ఉర్దూ పరిచయముగల మన హైదరాబాదు ప్రాంతమువారు 'షేరు', 'షాయరు' అను పదముల నెఱుఁగుదురు. ఇవి కవితావాచకమగు అరబ్బీ శబ్దమునుండి వచ్చినవి. హీబ్రూ, అరబ్బీ సోదరభాషలు గదా, షీరాయు ఆ శబ్దమే యగునని కొందఱు తలఁపవచ్చును. కాని అరబ్బీ శబ్దమున నడుమనున్న మూలాక్షరము 'ఐన్' అను కంఠ్యవర్ణము. హీబ్రూ శబ్దమున నడుమ నున్నది 'యోద్', అనఁగా యకారము. హీబ్రూ లిపియందు 'ఐన్' నేఁటికిని నిలిచియున్నది. అరబ్బీలో వెండ్రుకకు వాచకమగు 'షఅర్' అను శబ్దమందలి ఐన్, హీబ్రూలో నదే యర్థముగల 'సేఆర్' అను శబ్దమందును చెడక యున్నది. కేశవాచకమందు నిలిచిన వర్ణము గానవాచకమందేల లోపించెనో చెప్పఁజాలని వారు ఈ రెండింటిని ఏకము చేయరాదు.

మూఁడవది. బైబిలునందలి దినవృత్తాంతముల మొదటి గ్రంథము ఏడవ యధ్యాయమున ఎఫ్రాయిము వంశమునకు చెందిన 'షెయెరా' యను స్త్రీ పేర్కొనఁబడినది. ఆమె పట్టణములను కట్టించినదని చెప్పఁబడినది. ఆధునికనామమునకిదియే మూలమని తలఁపవలదు. ఆ పేరిట నడిమి యక్షరము 'ఆలెఫ్', యకారము కాదు. ఆంగ్లనామమగు 'షర్లీ' యనునదియు వేఱే. అది వెలుఁగుగల వనావకాశమను అర్థమిచ్చు ప్రాచీనాంగ్ల స్థలనామము. 1849లో వెలువడిన షార్లట్ బ్రాంటీ నవలవలన స్త్రీనామముగా వ్యాపించినది. హీబ్రూలో 'షీర్లీ' యనునొక పేరు గలదు. అది 'షీర్', 'లీ' యను రెండు పదముల కూడిక. 'నాకు పాట' యని దాని యర్థము. ధ్వని కలిసినంతమాత్రమున రెండు దేశముల పేళ్లు ఒకటి కావని దీనివలన తెలియును.

రూపనిర్ణయము

సెమిటిక్ భాషలలో శబ్దమునకు సాధారణముగా మూఁడు హల్లులు మూలము. అచ్చులు, ఉపసర్గప్రత్యయములు మాఱుచుండును. హల్లులు అర్థమును ధరించి నిలుచును. షీన్, యోద్, రేష్ అను మూఁడక్షరములు గానార్థకములు. వీనినుండి 'షీర్' అను పుంలింగనామమును, దానిపై 'ఆ' యను స్త్రీప్రత్యయము చేరఁగా 'షీరా' యను స్త్రీలింగనామమును ఏర్పడినవి. ఆ ప్రత్యయము వ్రాఁతలో 'హే' యను హకారముచే సూచింపఁబడును. పలుకుటలో దీర్ఘాకారమే వినఁబడును. ఇది మన టాప్ప్రత్యయమును తలఁపించును. పోలికయే కాని సంబంధము లేదు.

ఉచ్చారణమును గూర్చి రెండు విశేషములు గలవు. తూర్పు ఐరోపాయందలి యూదులు దీనిని 'షీరో' యని పలికెడివారు. సెఫార్దీలనఁబడు దక్షిణదేశపు యూదుల సంప్రదాయమున 'షీరా' యని యాకారాంతము. ఆధునిక హీబ్రూ ఈ విషయమున సెఫార్దీ మార్గము ననుసరించుటచే ఆకారాంతరూపము నిలిచినది. ఇఁక స్వరము. గానవాచకముగా నున్నపుడు ఊనిక తుది యచ్చుపై నుండును. స్త్రీనామముగా పిలుచునపుడు వాడుకలో మొదటి యచ్చుపై నుండును. అక్షరము లవియే; స్వరము మాఱినంతనే సామాన్యనామము సంజ్ఞ యగుచున్నది. ఇది మనకు క్రొత్త కాదు. నలుపు నర్థముగాఁగల కృష్ణశబ్దము అంతోదాత్తము, మృగవిశేషమునకు పేరైనపుడు ఆద్యుదాత్తము.

ఏకదేశమా? సముదాయమా?

షీర్, షీరా యను రెంటికిని గానమే యర్థమైనచో రెండు రూపము లేల? పాశ్చాత్య వైయాకరణులలో ప్రసిద్ధుఁడగు గెసేనియుస్ పేర వెలసిన హీబ్రూ వ్యాకరణము దీనికొక సమాధానము చెప్పుచున్నది. సముదాయమును తెలుపు పుంలింగశబ్దముపై స్త్రీప్రత్యయము చేర్చిన నా సముదాయమునందలి యొక వ్యక్తి తెలియును. 'ఒనీ' యనఁగా ఓడల గుంపు. 'ఒనియ్యా' యనఁగా ఒక్క యోడ. 'సేఆర్' అనఁగా కేశములు. 'సఅరా' యనఁగా ఒక్క వెండ్రుక. అట్లే 'షీర్' అనఁగా గానము; 'షీరా' యనఁగా ఒక్క పాట. బైబిలు ప్రయోగములును దీని ననుకూలించుచున్నవి. నిర్గమకాండము పదునేనవ యధ్యాయమున సముద్రమును దాఁటిన యిశ్రాయేలీయులు పాడినది 'ఈ షీరా'. ద్వితీయోపదేశకాండము చివర మోషే వ్రాసి ప్రజలకు నేర్పినది 'ఈ షీరా'. రెండుచోటులను నిర్దిష్టమగు నొకానొక గీతమే యుద్దిష్టము.

ఆధునిక హీబ్రూలో నిది తలక్రిందైనది. నేఁడు 'షీర్' అనఁగా ఒక్క పాట, లేక ఒక్క పద్యము. 'షీరా' యనఁగా గానక్రియ, కవిత్వము, ఒక జాతియొక్క కవితాసముదాయము. ఈ మార్పు ఆకస్మికము కాదు. యూదుల ప్రాచీనాచార్యుల వాఙ్మయమునందే దేవదూతలు, లేవీయులు 'షీరా చెప్పిరి' యను వాడుక కలదు. అచ్చట గానక్రియయే ప్రధానము. ఆకాశము, భూమి, మృగపక్షులు ఒక్కొక్కటి తన తన వాక్యముచే దేవుని నుతించునట్లు కూర్పఁబడిన ప్రాచీనగ్రంథమునకు 'పెరెక్ షీరా' యని పేరు. స్పెయిను దేశపు కవి మోషే ఇబ్న్ ఎజ్రా అరబ్బీలో వ్రాసిన కవిత్వలక్షణగ్రంథమును హాల్పెరు పండితుఁడు 1924లో హీబ్రూ చేసి 'షీరత్ యిస్రాయేల్' అని పేరు పెట్టెను. ఇశ్రాయేలీయుల కవిత్వమని దాని యర్థము. అప్పటికి సముదాయార్థము స్థిరపడినది.

ఒకే స్త్రీప్రత్యయము ఒకప్పుడు వ్యక్తిని, ఒకప్పుడు సముదాయమును తెలుపుట విరుద్ధము కాదా యని శంక. కాదు. బైబిలు హీబ్రూలోనే 'దాగ్' అనఁగా ఒక్క చేప, 'దాగా' యనఁగా మత్స్యసముదాయము. పైని చెప్పిన యోడ, కేశముల రీతికి ఇది విపరీతము. మనభాషలోను జనశబ్దముపై తల్ప్రత్యయము చేర్పఁగా 'జనత' యను స్త్రీలింగము సమూహార్థమిచ్చును. హిమారణ్యశబ్దములు స్త్రీప్రత్యయముచే హిమాని, అరణ్యాని యని మహత్త్వమును తెలుపును. ప్రత్యయము దారిని చూపును. అర్థమును నిలుపునది లోకవ్యవహారము.

లింగవిచారము

ఈ శబ్దము స్త్రీలింగమగుటను గూర్చి యూదుల ప్రాచీనవ్యాఖ్యానమగు 'మెఖిల్తా'యం దొక విచిత్రమైన వివరణము గలదు. దాని సారమిది: జరిగిపోయిన విమోచనములను గూర్చిన గీతములు 'షీరా' యని స్త్రీలింగమునఁ బేర్కొనఁబడినవి. ఏలయన స్త్రీ ప్రసవించి మరల గర్భము దాల్చి మరల వేదన ననుభవించునట్లు, ఆ విమోచనముల వెనుక మరల దాస్యము కలిగినది. రాఁబోవు విమోచనము తరువాత దాస్యము లేదు. కావున నప్పటి గీతము 'షీర్ హదాష్', అనఁగా నూతనగీతము, అని పుంలింగమునఁ జెప్పఁబడినది.

ఇది వ్యాకరణసూత్రమని గ్రహించినచో పొరపడుదుము. కీర్తనల గ్రంథమున నూటయిరువదవది మొదలు నూటముప్పదినాలుగవది వఱకుఁగల పదునైదు యాత్రకీర్తనల శీర్షికలయందును 'షీర్' అను పుంలింగమే గలదు. అవి భావివిమోచనమునకే చెందినవి కావు. పరమగీతమునకు మూలభాషలో 'షీర్ హష్షీరీమ్' అని పేరు. కాలముచే లింగము నిర్ణీతమగునన్న నిది పొసఁగదు. మనశాస్త్రమునను భార్యార్థకమగు దారశబ్దము పుంలింగము, కళత్రశబ్దము నపుంసకము. తటశబ్దము మూఁడు లింగములను పొందును. శబ్దలింగము వేఱు, లోకమందలి స్త్రీపురుషభేదము వేఱు. కావున మెఖిల్తావచనము మీమాంసకులు చెప్పు అర్థవాదమువంటిది. దానిని విధిగా పట్టరాదు, వ్యర్థమని త్రోయనురాదు. చెఱలు, వలసలు, బహిష్కారములు అనుభవించిన యొక జాతి, విజయగీతమునందును రాఁబోవు దుఃఖమును వినుచుండెనని యది తెలుపుచున్నది. పస్కాపండుగ రాత్రి గృహములలో పఠింపఁబడు పాఠమునందును ఈ రెండు లింగముల భేదమును వ్యాఖ్యాతలు పాటించిరి.

ఇట్టి యర్థవాదము తెలిసిన జాతివారు తమ కూఁతునకు 'షీరా' యని పేరిడుటలో నర్థము గలదు. వేదన గలదని తెలిసియు పాడుట యందలి భావము. ఇటీవల 'షీర్' అను రూపమును గూడ బాలికలకు పెట్టుచున్నారు. పుంలింగశబ్దము స్త్రీసంజ్ఞ యగుటకు లోకమే ప్రమాణము.

నామకరణాచారము

బైబిలునందు 'షీరా' యనునది యెవ్వరికిని పేరు కాదు. ఇది ఆధునికసంజ్ఞ. యూదులలో మగశిశువునకు ఎనిమిదవ దినమున సున్నతి సమయమునను, ఆఁడుశిశువునకు సమాజమందిరమున ధర్మశాస్త్రపఠన సమయమునను పేరిడుట పరంపరాగతాచారము. తూర్పు ఐరోపావారు మృతులైన బంధువుల పేరిడుదురు. సెఫార్దీలు జీవించియున్న తాతయవ్వల పేరిడుటయుఁ గలదు. బైబిలున పురుషనామములు విస్తారము, స్త్రీనామములు స్వల్పము. అందుచే తూర్పు ఐరోపా స్త్రీలకు పెక్కండ్రకు యిడ్డిష్ భాషాపదములే పేళ్లుగా నుండెను. ఫేగె యనఁగా పక్షి, రైజెల్ అనఁగా గులాబి, గోల్దా యనఁగా బంగారము, షేయ్నా యనఁగా సుందరి.

పందొమ్మిదవ శతాబ్దాంతమున హీబ్రూ మరల గృహభాష యయ్యెను. ఎలియెజెర్ బెన్ యెహూదా 1881లో యెరూషలేము చేరి, తన యింట హీబ్రూ తప్ప వేఱు భాష పలుకరాదని నియమించెను. 1882లో జనించిన యతని కుమారుఁడు నవీనకాలమున హీబ్రూ మాతృభాషగా పెరిగిన మొదటి శిశువని ప్రసిద్ధి. బెన్ యెహూదా 1922లో మరణించెను. అతఁ డారంభించిన మహానిఘంటువు 1959లో గాని పదునేడు సంపుటములుగా ముగియలేదు. భాషతోఁబాటు పేళ్లును మాఱినవి. ఫేగె త్సిప్పోరా యయ్యెను, గోల్దా జెహావా యయ్యెను, షేయ్నా యాఫా యయ్యెను. పిమ్మట అనువాదములు మాని, నిఘంటువునందలి శుభశబ్దములనే పేళ్లుగా గ్రహించిరి. చెట్టునుండి ఇలానా, మంచునుండి తాల్, హర్షధ్వానమునుండి రీనా, గానమునుండి షీరా. మనుస్మృతి నక్షత్రవృక్షనదీనామములుగల కన్యలను వరింపరాదని చెప్పఁగా, అచ్చట వృక్షనామము లాదరణీయములు. మన రోహిణీ, తులసీ, గోదావరులను తలఁచికొన్న, ఇచ్చటను ఆ నియమమును లోకము మన్నింపలేదనుట స్పష్టము. స్త్రీనామము సుఖోచ్చార్యమై, స్పష్టార్థమై, మంగళకరమై, దీర్ఘాంతమై యుండవలయునని యా స్మృతియే చెప్పిన లక్షణములన్నియు షీరాకు సరిపోవుచున్నవి. పారస్కరుఁడు విధించిన బేసి యక్షరముల నియమ మొక్కటి మాత్రము లేదు.

స్త్రీయు గానమును

ఇఁక ముఖ్యవిషయము. తాల్ముదునందలి బెరాఖోత్ ప్రకరణమున షమూయేల్ అను నాచార్యుని పేర నొక వచనము గలదు. స్త్రీకంఠధ్వని సంగోప్యమని దాని తాత్పర్యము. దీని ననుసరించి నిష్ఠాపరులగు పురుషులు పరస్త్రీల పాట వినరు. ఎంతవఱకు నిషేధమను విషయమున వారిలో మతభేదములు గలవు. ప్రార్థనగీతములకును, పలువురు కలిసి పాడుటకును కొందఱు మినహాయింపు చెప్పుదురు. ఐనను అట్టి నిష్ఠాపరుల యిండ్లలోను బాలికలకు 'షీరా' యని పేరిడుచున్నారు. ఎవని పాట వినరాదందురో దానికే పాటయని పేరు! ఇది విరోధమా, విరోధాభాసమా?

మూలగ్రంథమును వైయాకరణదృష్టితోఁ జూచిన కొంత వెలుఁగు కలుగును. నిర్గమకాండమున మిర్యాము తంబుర చేతఁబూని స్త్రీలతోఁ గలిసి వెడలి, 'వారికి' ప్రతిగా పాడెనని యున్నది. ఆ సర్వనామము మూలమున పుంలింగ బహువచనము. స్త్రీలకు మాత్రమే పాడినచో స్త్రీలింగ ముండవలసినది. న్యాయాధిపతుల గ్రంథము ఐదవ యధ్యాయమున దెబోరాయు బారాకును పాడిరని చెప్పుచోట కర్తలిద్దఱైనను క్రియ స్త్రీలింగైకవచనము, 'ఆమె పాడెను' అని. స్త్రీపురుషులు కలిసినపుడు పుంలింగమునే మిగిల్చు మన ఏకశేషవిధికిది విపరీతము. హీబ్రూలో క్రియ ముందు వచ్చినపుడు సన్నిహితకర్త ననుసరించుట కలదని సమాధానము చెప్పవచ్చును. అట్లైనను దెబోరాను ముందుగాఁ జెప్పుట గ్రంథకర్త యిచ్ఛయే గదా. కావున గానమునకు స్త్రీ యనర్హురాలను భావము ఆ మూలమునందు లేదు.

కవిత్వమున స్థితి వేఱు. హీబ్రూ పఠనము చిరకాలము పురుషుల యధీనముననే యుండెను. త్రియెస్తె పట్టణవాసిని రాచెల్ మొర్పుర్గో (1790–1871) వంటి యొకరిద్దఱు తప్ప, స్త్రీలు హీబ్రూలో కవిత్వము చెప్పిన జాడలు స్వల్పము. భాష యింటిభాష యైన పిదపనే, 1920 ప్రాంతమునుండి, రాహెల్ (1890–1931), ఎస్తేర్ రాబ్, లేయా గోల్డ్‌బెర్గ్ (1911–1970) మొదలగువారు ప్రఖ్యాతి గాంచిరి. షీరా యనఁగా కవిత్వమను నర్థము స్థిరపడిన కాలమును, స్త్రీలు ఆ కవిత్వమును చేపట్టిన కాలమును ప్రక్క ప్రక్కనే యుండుట గమనింపఁదగినది. నోబెల్ బహుమానము (1966) పొందిన ఆగ్నోన్ తన మరణానంతరము 1971లో వెలువడిన యసమాప్త నవలకు 'షీరా' యని నాయిక పేరే పెట్టెను. అది వ్యక్తినామమా, కవిత్వమా యను సందేహము హీబ్రూ పాఠకునకు తప్పదు.

సిద్ధాంతము

సంజ్ఞలు యదృచ్ఛాశబ్దములు, డిత్థాదులవలె వానికర్థవిచార మేల యని యొక పూర్వపక్షము మిగిలియున్నది. శిశువును పిలుచువాఁడు గానమును తలఁపఁడనుట నిజమే. కాని పేరిడువాఁడు తలఁచును. పిలుచునపుడు రూఢి, ఇడునపుడు యోగము. రెండు వేళలను ఒకటిగా చేయుటచేతనే పేళ్ల యర్థవిషయమున వివాదములు పుట్టుచున్నవి.

తెనుఁగున దీని నేమని వివరింపవలె? 'పాట' యన్న నొక్క గీతమే తెలియును. ప్రాచీనార్థము దక్కును గాని నవీనార్థము పోవును. 'కవిత' యన్న నవీనార్థము దక్కును గాని సముద్రతీరమందలి గానము పోవును. నాకుఁ దోఁచినంతలో 'గీతి' శబ్దము తగియున్నది. గైధాతువుపై స్త్రీలింగమున క్తిన్ప్రత్యయము భావార్థమున రాఁగా నేర్పడిన యీ పదము గానక్రియను తెలుపును, వాడుకలో నొక్క పాటనుగూడ తెలుపును, స్వయముగా స్త్రీలింగము. షీరా శబ్దమందలి మూఁడంశములును దీనియందు గలవు. ఐనను ఇది వివరణమే కాని యనువాదము కాదు. పేరును మాత్రము అట్లే యుంచవలయును.

శిష్యునకు నేను వ్రాసిన ప్రత్యుత్తరమున నీ విషయములనే సంగ్రహముగాఁ దెలిపి, ఆ నామసంగ్రహమును నమ్మవలదంటిని. తల్లిదండ్రులు చెప్పిన యొక్క ముక్క గ్రంథకర్త వివరణముకంటె సత్యమునకు సమీపమున నున్నదనియు వ్రాసితిని. పేరిడినవారి నడిగిన పిమ్మటనే ధాతువును వెదకవలయునని, ఏఁబదియేండ్లు దాఁటిన తరువాత నేనును నేర్చికొంటిని. హీబ్రూ నెఱిఁగిన విద్వాంసులు ఇందు దోషములుండిన తెలిపి దిద్దఁగోరెదను.